మూడు రాళ్ల ఇల్లు

పోయిన వారం తల్లీకూతుళ్లను సముద్రపు ఒడ్డున ఎడమొహం పెడమొహంగా వదిలి వచ్చాం. విత్తనాల కంపెనీ బాగా అమ్మిన డీలర్లకు మారిషస్ ప్రయాణం ఇచ్చింది. శామీర్‌పేటలో విత్తనాలూ ఎరువులూ అమ్మే వెంకటనర్సయ్యకు సరిగ్గా అప్పుడే మోకాలు వాచింది. ఆయన బదులు భార్య బాలమణి, డిగ్రీ చదివే కూతురు తేజస్వి విమానం ఎక్కారు. ఐదో రోజు దీవి దక్షిణపు ఒడ్డున నల్లరాళ్ల మీద ఏడు కిలోమీటర్ల నడక పెట్టారు. పెద్దవాళ్లు గైడుతో ముందు బయలుదేరాలి. పిల్లలు గంట ఆగి కంపెనీ మనిషి శ్రీనివాసరావు వెంట రావాలి. నేను నా బిడ్డతోనే నడుస్తనని బాలమణి మొండికేసింది. అప్పుడు తేజస్వి అందరి ముందూ అనకూడని మాట అనేసింది. "నువ్వు భయపడ్డయి ఇప్పటిదాంక ఒక్కటన్న అయిందా అమ్మా? ఒక్క పూట నన్ను నా కాళ్ల మీద నడువనియ్యి." ఆ మాట మింగి బాలమణి ముందు గుంపుతో కదిలింది. వెనక్కి తిరిగి చూడలేదు.

మధ్యాహ్నం రెండు దాటింది. నడక ముగిసే చోట ఒక సరుగుడు తోపు, దాని మొదట్లో రేకుల కొట్టు, కొట్టు ముందు వాళ్ల బస్సు. కొట్టాయన పప్పువడలు నూనెలో వేస్తున్నాడు. గుంపులో మిగతా పదిమందీ బూట్లు విప్పి, పాదాలు పిసుక్కుంటూ బెంచీల మీద కూలబడ్డారు. బాలమణి కూర్చోలేదు. దారి కనబడే మలుపు దగ్గర నిలబడింది. చేతిలో టీ చల్లారి మీగడ కట్టింది.

పిల్లలు ఒంటిగంటన్నరకే వచ్చి కలుసుకోవాలి. పదకొండుమంది పిల్లలు, శ్రీనివాసరావుతో పన్నెండు. పొద్దున బస్సు దిగేటప్పుడు ఆమె లెక్కపెట్టుకుంది. ఎక్కడికి పోయినా లెక్కపెట్టుకోవడం ఆమెకు అలవాటు.

"ఏం చెల్లె, ఇయ్యాల్టి ముప్పు ఏంది?" అన్నాడు అంజయ్య బెంచీ మీంచి. మేడ్చల్‌లో పెద్ద డీలరు ఆయన. విత్తనాలతో పాటు బహదూర్‌పల్లిలో ప్లాట్లు కూడా అమ్ముతాడు, వచ్చేసారి సర్పంచ్‌గా నిలబడాలని చూస్తున్నాడు. "మొన్న విమానం రెక్క ఊగుతాందన్నవు. నిన్న లిఫ్టు తెగుతదన్నవు. పొద్దుగాల గీ దీవి కిందికెల్లి అగ్గి లేస్తదన్నవు."

బెంచీలు నవ్వాయి. అది నిజమే, పొద్దున అడిగింది. ఈ దీవి మొత్తం సముద్రం అడుగునుంచి నిప్పు కక్కి పుట్టిందనీ, ఈ నల్లరాయంతా చల్లారిన మంటేననీ గైడు చెప్పినప్పుడు, మళ్లీ లేస్తుందా అని అడగకుండా ఉండలేకపోయింది. లక్షల ఏళ్ల కిందటే ఆరిపోయిందమ్మా అంది గైడు. ఆరిన పొయ్యినే నమ్మొద్దని మా అవ్వ చెప్పేది, అంది బాలమణి.

"పిల్లలు రావాల్సిన యాల్లకు ఇంక రాలేదన్నా," అంది ఇప్పుడు. "అర్ధగంట దాటింది."

"నా కొడుకు గూడ గండ్లనే ఉన్నడు వదినె," అంది అంజయ్య భార్య ఇందిరమ్మ, వడ తుంచుకుంటూ. "నేనేమన్న పరేషానైతున్ననా? ఆడపిల్లలు ఫోటువలు దిగుతుంటరు, మొగపిల్లలు దించుతుంటరు. గంతే. రా, కూసో. గీ వడల ఏమేసిండ్రో చూసి చెప్పు. నాకు మిరపకాయకూ కొత్తిమీరకూ తేడా కనవడ్తలేదు."

ఇందిరమ్మ కళ్లద్దాలు హోటల్ గదిలోనే ఉన్నాయి. ఫోటోల్లో ముసలిదానిలా పడుతున్నానని మొదటి రోజే పెట్టెలో పెట్టేసింది. అప్పటినుంచి దూరపు వస్తువు ఏది కనబడినా బాలమణి చెయ్యి పట్టుకుని అడుగుతోంది.

బాలమణి మలుపు వైపే చూస్తోంది. చెరువుకు అరకోసు దూరంలో పుట్టిన పిల్ల తేజస్వి, కానీ ఈత రాదు. నేర్చుకోనియ్యలేదు. పట్నం నుంచి పిల్లలు శామీర్‌పేట చెరువుకు సరదాగా వచ్చి, ఏడాదికి ఒకరిద్దరు తిరిగి పోరు. ఆ సంగతి వినీ వినీ, కూతురిని కట్ట మీద కూడా నీళ్ల వైపు నడవనిచ్చేది కాదు. నీళ్లంటే తెలియని పిల్లను తీసుకొచ్చి సముద్రం అంచున విడిచిపెట్టానే అని పొద్దుటినుంచి తనను తనే తిట్టుకుంటోంది.

"అయినా గైడమ్మా," అన్నాడు అంజయ్య, "నువ్వు మాతోటి ఉంటివి. మా పోరగాండ్లకు తొవ్వ ఎట్ల తెలుస్తది?"

గైడు పేరు వీరమ్మ. నలభై ఏళ్ల మనిషి, ఎండకు నల్లబడిన గట్టి ముఖం, నడుముకు నీళ్ల సీసా. ఆమె ముత్తాత ఏనాడో విశాఖపట్నం రేవు నుంచి చెరకు తోటలకు వచ్చాడట. మామ్మ దగ్గర నేర్చుకున్న తెలుగు ఆమెది. రెండో గైడుకు జ్వరం రావడంతో ఇవాళ ఒక్కతే వచ్చింది.

"రాళ్ల గుట్టలు ఉన్నాయి కదా బాబూ," అంది వీరమ్మ. "నల్లరాయి మీద అడుగు పడదు. దారి ఎలా తెలుస్తాది? అందుకే మా అయ్య పేర్చినాడు, నాను పేర్చినాను. ఒక గుట్ట కాడ నిలబడితే ముందరి గుట్ట కనబడాల. శ్రీనివాసరావు బాబుకి పొద్దున్నే చెప్పినాను, ఆ గుట్టలు చూసుకుని ఒచ్చీమని. గుడ్డోడికి తప్ప ఎవుడికీ దారి తప్పదు."

బాలమణి చేతిలో గ్లాసు ఒరిగి టీ చీర మీద పడింది. ఆమె చూసుకోలేదు.

"ఆ రాళ్లు ఇంటి కోసం పేర్చినయి కాదా?"

"ఏటమ్మా?"

"ఇల్లు లేనోళ్లు... ఇల్లు కావాలని మొక్కి..."

వీరమ్మకు అర్థం కాలేదు. మనవాళ్లకు మాత్రం అర్థమైంది.

పొద్దుటినుంచి దారి పొడుగునా ఆ రాళ్లను చూస్తూనే వచ్చింది బాలమణి. నాలుగేసి, ఐదేసి రాళ్లు, ఒకదాని మీద ఒకటి. కీసరగుట్ట మీద, యాదగిరిగుట్ట దారిలో ఇల్లు లేనివాళ్లు ఇలాగే పేరుస్తారు. ఎన్ని రాళ్లు నిలబడితే అన్ని అంతస్తులు దక్కుతాయని నమ్మకం. ఇన్ని నీళ్లు దాటి వచ్చినా ఇల్లు లేని గోస ఒకటేనని, ఈ దీవిలో ఎంతమందికి నీడ లేదో పాపమని, కనబడిన ప్రతి గుట్టకూ చెయ్యి తాకించి కళ్లకద్దుకుంది.

ఆమెకూ ఒకప్పుడు ఇల్లుండేది. పెంకుటిల్లు, ముందు జామచెట్టు. మూడేళ్ల కిందట కొత్త రింగు రోడ్డు కొలతలవాళ్లు వచ్చి గోడ మీద ఎర్రరంగుతో ఒక అంకె రాసి పోయారు. తర్వాత ఒక మంగళవారం మిషను వచ్చింది. పొద్దున పాలు కాచిన పొయ్యి మధ్యాహ్నానికి మట్టిలో ఉంది. అప్పటినుంచి కరీంనగర్ రోడ్డు మీద దుకాణం వెనక రెండు గదుల్లో ఉంటున్నారు. లారీ పోతే గిన్నెలు మోగుతాయి.

అందుకే పన్నెండు గంటలప్పుడు, గట్టు దగ్గర అంజయ్య మడమ బొబ్బకు వీరమ్మ పట్టీ వేస్తుంటే, ఆమె ఇందిరమ్మతో కలిసి కిందికి దిగింది. చదునైన రాళ్లు అక్కడే ఉన్నాయి. మూడు ఏరింది. వెడల్పుది కింద, నడిమిది మధ్య, చిన్నది పైన. నడుముకు కట్టుకున్న సంచిలోంచి పసుపు తీసి బొట్టు పెట్టింది. కట్ట మైసమ్మా, ఎవ్వరూ ఎర్రరంగు రాయని గోడ ఒక్కటి ఇయ్యి తల్లీ, అని మొక్కింది.

ఆ మూడు రాళ్లూ ఇప్పుడు ఆమె గుండె మీద ఉన్నాయి.

"నేను పేర్చిన," అంది.

"ఏటి పేర్చినారు?"

"మీ తీరుగనే. మూడు రాళ్లు. అన్నకు పట్టి గట్టినవు జూడు, ఆడికెల్లి కిందికి. రెండు తాటిచెట్ల దూరం."

"కిందికంటే ఏ వైపు?"

"సముద్రం దిక్కు."

వీరమ్మ చేతిలో సీసా మూత బిగించడం ఆగిపోయింది. ఆమె ఒకసారి ఆకాశం వైపు, ఒకసారి గడియారం వైపు చూసింది. తర్వాత నిదానంగా అంది. "పర్లేదమ్మా. మీది ఒకటి తప్పు వైపున ఉంటే, పైన మా అయ్య పేర్చిన పెద్ద గుట్ట ఉంది కదా. గట్టెక్కగానే కళ్లకి ముందు అదే కనబడుతాది. అది చూసి పైదారే పడతారు."

బెంచీల మీద ఆగిన ఊపిరులు కదిలాయి. అంజయ్య మళ్లీ వడ అందుకున్నాడు. "చూసినవా చెల్లె. ఊకెనే పానం మీదికి తెచ్చుకుంటవు."

అందరిలాగే బాలమణి కూడా ఊపిరి వదిలేదే. కానీ ఆమె చూపు ఇందిరమ్మ మీద పడింది. ఇంతసేపూ నోరు మూతపడని మనిషి, వడ చేతిలో పట్టుకుని నేల చూస్తోంది.

అప్పుడు బాలమణి కళ్ల ముందు ఇంకో పేర్పు నిలబడింది. ఇందిరమ్మది. నీకు మూడైతే నాకు ఐదు వదినె, కింద షటర్లు కిరాయికి ఇస్త, అని నవ్వుతూ పేర్చింది. ఐదు రాళ్లలో అడుగుది పీటంత పెద్దది, దాని మీద సున్నం చల్లినట్టు తెల్లటి మచ్చలు. కింద అలలు కడిగే చోట రాళ్లన్నీ సన్నికల్లులా నున్నగా, మచ్చ లేకుండా ఉన్నాయి. మచ్చల రాళ్లు పైనే, నీరు అందని గట్టు మీదే.

"వదినె," అంది. "నీ అడుగు రాయి ఏడికెల్లి తెచ్చినవ్?"

"ఏ రాయి?"

"తెల్లమచ్చల రాయి."

"ఆడనే దొరికింది. నాకేమెరుక."

"ఆడ మచ్చల రాళ్లు లేవు. నేను పసుపు పెడుతుంటె నువ్వు మీదికి పోయి వచ్చినవు. మంచి రాయి దొరికిందని ఎత్తుకొచ్చినవు."

"అంటే ఏందిప్పుడు? దొంగతనం జేసిన్నంటవా?" ఇందిరమ్మ గొంతు లేచింది. "పొద్దుటికెల్లి ఊకె భయపడుడు, అందర్ని భయపెట్టుడు. నీ బిడ్డనే నీతోని వేగలేక దూరం పెట్టింది. ఇగ ఎవ్వల మీద వెయ్యాల్నో తెల్వక నా మీద పడ్డవా? మా ఆయన ఊర్ల పెద్దమనిషి. ఒకల ఇంటి రాయి గుంజెటంత గతిలేనోళ్లం కాదు మేము."

బిడ్డ మాట తగలవలసిన చోటే తగిలింది. ఇంకో రోజైతే బాలమణి అక్కడే కూర్చుని కొంగు నోటికి అడ్డం పెట్టుకునేది. ఇవాళ కూర్చోలేదు. రెండడుగులు వేసి ఇందిరమ్మ ముందు మోకాళ్ల మీద వంగింది. గొంతు పెంచలేదు.

"నువ్వు తెచ్చుకుంటె తెచ్చుకున్నవు వదినె. నేను గూడ పేర్చిన, నాది గూడ తప్పే. నేనడిగేది ఒక్కటే. గట్టు మీద గుట్ట నిలవడ్డదా, పడ్డదా? నీ కొడుకు అన్వేష్ గూడ గండ్లనే ఉన్నడని ఇప్పుడే అంటివి గద."

కొట్టాయన జల్లెడ గరిటె నూనెలోంచి తీసి పట్టుకున్నాడు. భాష తెలియకపోయినా ముఖాలు తెలుస్తున్నాయి.

"అడుగు రాయి గుంజిన," అంది ఇందిరమ్మ చివరికి. "ఒకల ఇల్లు ముట్టద్దని నాకెరుకే. పైవి నిలుస్తయనుకున్న. మొత్తం కూలింది. పట్టి కట్టుకుంట వీరమ్మ ఇటు చూడలే. కూలంగనె నాకు పానం జల్లుమన్నది, నీకు చెప్తె అపశకునం అంటవని చెప్పలే."

అంజయ్య లేచి నిలబడ్డాడు.

పై గుట్ట లేదు. కింద రెండు గుట్టలున్నాయి. గుట్టలు చూసుకుని రమ్మని చెప్పారు. ఇంక లెక్క చెప్పడానికి ఎవరూ అక్కర్లేదు.

"కింద ఏమున్నది?" అని అడిగింది బాలమణి.

"నాలుక," అంది వీరమ్మ. అప్పటికే ఆమె కొట్టు గోడకు వేలాడుతున్న చేపల పడవ తాడు దింపుతోంది. "రాయి సముద్రంలోకి చాపుకుని ఉంటాది. మా వాళ్లు నాలుక అంటారు. పొద్దున ఎండి ఉంటాది, నడిచి పోవచ్చు. పొద్దు వాలేకాడికి పోటు ఎక్కి, ఒడ్డుకీ నాలుక్కీ మధ్య నీరు తిరుగుతాది. దీవికి అన్ని వైపులా అలని ఆపే దిబ్బ ఉంది. ఇక్కడ లేదు. అల నేరుగా ఒచ్చి కొడతాది."

కొట్టాయన ఫోన్ అందుకున్నాడు. వాళ్ల భాషలో గబగబా మాట్లాడి పెట్టేశాడు. పోలీసు పడవ అవతలి రేవులో ఉందనీ, రావడానికి గంట పైనే పడుతుందనీ వీరమ్మ చెప్పింది. ఊళ్లో జాలరులను తీసుకురమ్మని అంజయ్యను, కొట్టాయనను బస్సులో పంపింది. తాను తాడు భుజాన వేసుకుంది.

"నేనొస్త," అంది బాలమణి.

"ఒద్దమ్మా. రెండు కిలోమీటర్లు వెనక్కి పోవాల. మీరు నాతో పరిగెత్తలేరు."

"మేము ఏడ పేర్చినమో నీకు తెల్వది. నాకు తెలుసు."

వీరమ్మ ఒక క్షణం చూసి తల ఊపింది. బాలమణి చీర కుచ్చెళ్లు పైకెత్తి దోపుకుంది. బూట్లు కరిచిన కాళ్లు మళ్లీ బూట్లలో దూర్చింది. వాళ్లు తోపు దాటుతుంటే వెనక అడుగులు వినబడ్డాయి. ఇందిరమ్మ. రమ్మని ఎవరూ అనలేదు, వద్దనీ అనలేదు.

ఇన్నేళ్లూ బాలమణి భయపడింది ఏదో వస్తుందని. బస్సు ఆలస్యమైతే, పాలు విరిగితే, ఫోను రెండుసార్లు మోగి ఆగిపోతే. ఇప్పుడు వచ్చేసింది. వచ్చేసిన దానికి ఇంక భయపడేదేముంది. ఎదురు పోవడమే. అడుగడుక్కీ నల్లరాయి అంచులు గాజుపెంకుల్లా బూటు అడుగును కోస్తున్నాయి. శామీర్‌పేటలో ఈపాటికి ఎండకు రోడ్డు కరుగుతూ ఉంటుంది. ఇక్కడ చల్లటి ఉప్పుగాలి ముఖాన కొడుతోంది. రెండుసార్లు జారింది, రెండుసార్లూ తనంతట తనే లేచింది. మూడోసారి ఇందిరమ్మ జారితే చెయ్యి ఇచ్చింది.

గట్టు ఎక్కేసరికి మూడుకు పది నిమిషాలుంది. వీరమ్మ వాళ్ల నాన్న పేర్చిన గుట్ట ఉన్న చోట రాళ్లు చెల్లాచెదురుగా పడి ఉన్నాయి. వీరమ్మ ఒక్క చూపు చూసి దాటిపోయింది.

కిందికి దిగారు. అక్కడ, పెట్టిన చోటే, బాలమణి మూడు రాళ్లు నిలబడి ఉన్నాయి. పసుపు బొట్టు ఇంకా చెరగలేదు.

మూడు కాదు, నాలుగు.

పైన ఇంకో రాయి ఉంది. బోడిగుండులా నున్నటి రాయి, దాని చుట్టూ ఆకుపచ్చటి జుట్టు రబ్బరు. పొద్దున హోటల్ గదిలో, అద్దం ముందు, బాలమణే కూతురి జడకు వేసిన రబ్బరు.

ఆమెకు ఒక్కసారిగా అంతా కనబడింది. పిల్లలు గట్టు దిగి ఇక్కడ ఆగి ఉంటారు. ఇటా అటా అని శ్రీనివాసరావు తటపటాయించి ఉంటాడు. తేజస్వి ఈ పసుపు చూసి ఉంటుంది. మా అమ్మ ఈ తొవ్వనే పోయింది, అని ఉంటుంది. అంతమందిలో నీ వెంట రానన్న పిల్ల, అమ్మ పెట్టిన బొట్టును నమ్మి నడిచింది. పోతూ పోతూ ఆ ఇంటి మీద తన వంతుగా ఒక అంతస్తు లేపింది.

ఆమె ఒక్కతే కాదు. అక్కడినుంచి ముందుకు, నాలుక వైపు, కొత్త గుట్టలు వరసగా ఉన్నాయి. మేడ్చల్ పిల్లలు, శామీర్‌పేట పిల్లలు, కీసరగుట్ట ఎక్కినవాళ్లే అందరూ. చూసి ముచ్చటపడి తలా ఒక ఇల్లు పేర్చుకుంటూ పోయారు. నీళ్ల అంచుదాకా ఒక కాలనీ లేచింది.

"ముందు అవి పడగొట్టండి," అంది వీరమ్మ తాడు విప్పుతూ. "జాలరోళ్ల వెనకాల ఊరోళ్లు ఒస్తారు, పట్నం యాత్రికులు ఒస్తారు. ఇంకెవరూ దిగకూడదు."

ఇందిరమ్మ కదల్లేదు. "మన చేతులతోని మనమే కూలగొట్టుకుంటమా వదినె," అంది. "మంచిది కాదు."

మిషను వచ్చిన రోజు బాలమణి జామచెట్టు కింద నిలబడి చూసింది. మొదటి దెబ్బకు దర్వాజ పక్క గోడ పడింది. వెంకటనర్సయ్య మొహం తిప్పుకున్నాడు. ఆమె తిప్పుకోలేదు, ఏమీ చెయ్యనూ లేదు. చేతులు కట్టుకుని నిలబడడమే ఆ రోజు ఆమెకు మిగిలింది.

నాలుగో రాయిని రెండు చేతులతో ఎత్తి, కొంగులో మూటకట్టి నడుముకు దోపుకుంది. మిగిలిన మూడింటినీ కాలితో తన్నింది. పసుపు బొట్టున్న రాయి దొర్లుకుంటూ పోయి నీటిలో పడింది. తర్వాత ఇందిరమ్మ ఐదంతస్తులు. తర్వాత మిగతావి, ఒక్కొక్కటే, నీళ్ల అంచుదాకా. చివరి గుట్ట పడేసరికి ఆమె కాలి గోరు చీలింది. అప్పుడు తలెత్తి చూసింది.

నాలుక అక్కడే ఉంది. ఒడ్డుకీ దానికీ మధ్య, బస్సు పొడుగంత చోట, నీరు పైకి ఉబికి కిందికి గుంజుకుంటోంది. అవతల రాయి చివర మనుషులు గుంపుగా నిలబడి ఉన్నారు. తెల్లచొక్కా శ్రీనివాసరావు. పక్కన పసుపు చున్నీ, విరబోసుకున్న జుట్టు.

తేజస్వి తల్లిని చూసింది. రెండు చేతులూ పైకెత్తి ఊపుతోంది. రమ్మని కాదు. వద్దని. నోరు తెరిచి ఏదో అంటోంది, అల చప్పుడులో ఒక్క మాట కూడా ఇవతలికి రావడం లేదు. అని అని, నీళ్ల వైపు, నాలుక పక్కనున్న చీలిక వైపు చెయ్యి చూపిస్తోంది.

వీరమ్మ తాడు ఒక చివర నడుముకు ముడి వేసుకుంది. రెండో చివర బాలమణి చేతికిచ్చింది.

"ఏడో అల పెద్దది. అది పోయాక దిగుతాను. అవతల గట్టి రాయికి కట్టీసి, తాడు పట్టించి ఒక్కొక్కరినీ పంపుతాను. నాను అవతలికి ఎక్కేదాకా ఇది ఒదలకూడదు. మీరు ఒదిలితే నాను పోతాను."

"చేదబాయిల నీళ్లు గుంజిన చేతులు," అంది బాలమణి. "నువ్వు పో అమ్మా."

ఇద్దరు ఆడవాళ్లూ నల్లరాయి మీద కూర్చున్నారు. రాతి పగుళ్లలో మడమలు దించి, తాడు నడుముల వెనక నుంచి తిప్పుకుని, ఒకరి వెనక ఒకరు. బాలమణి ముందు. అలలు లెక్కపెడుతోంది. నాలుగు. ఐదు. లెక్కపెట్టడం అలవాటైన కళ్లు అలలతో పాటు మనుషులనూ లెక్కపెట్టాయి.

పదకొండు.

మళ్లీ మొదటినుంచి లెక్కపెట్టింది. తెల్లచొక్కా, పసుపు చున్నీ, ఇద్దరు అక్కాచెల్లెళ్లు, గీతల టీషర్టు, ఒక్కొక్కరినీ వేలు మడిచినట్టు. పదకొండే. పొద్దున బస్సు దిగేటప్పుడు ఎర్రటోపీ పెట్టుకున్న పిల్లవాడు ఒకడున్నాడు. టోపీ తీసేశాడేమోనని ముఖాలు వెతికింది. ఆ ముఖం లేదు. తేజస్వి ఇంకా చీలిక వైపే చెయ్యి చూపిస్తోంది.

ఆరు.

"వదినె," అంది వెనక నుంచి ఇందిరమ్మ. ఆమె మెడ చాచి అవతలికి చూస్తోంది. "నాకు అందరు ఒక్క మబ్బు లెక్క కనవడ్తాండ్రు. నా కొడుకు ఉన్నడా? ఎర్రటోపీ. నువ్వు జూసి చెప్పు."

ఏడో అల వచ్చి రాయిని కొట్టింది. ఉప్పునీరు ఇద్దరి ముఖాల మీదా పడింది. వీరమ్మ నీళ్లలోకి దిగింది.

పుట్టినప్పటినుంచి ఏది అడిగినా ముందు చెడ్డదే తోచిన మనిషి బాలమణి. తోచింది తోచినట్టు అనేసి అందరి చేతా నవ్వించుకున్న నోరు అది. ఆ నోటితో, వెనక్కి తిరగకుండా చెప్పింది.

"ఉన్నడు వదినె. మంచిగున్నడు. నువ్వు తాడు విడువకు."

తాడు ఒక్కసారిగా బిగిసింది.